నవమినాడు లేవని కత్తులు

మొత్తం రెండువందల నలభై. కత్తులు, బల్లేలు, డాళ్లు, బాకులు, మోచేతిదాకా తొడుక్కునే పట్టా కత్తులు. పన్హాళా కోట కింద రేకుల షెడ్డులో దించాను. వాటిలో అసలు ఇనుము అరవై. మిగతావి అల్యూమినియం, రబ్బరు. కెమెరా దగ్గరికొస్తే ఇనుము, కొట్టుకునేటప్పుడు అల్యూమినియం, గుర్రం మీంచి పడేటప్పుడు రబ్బరు. నలభై ఏళ్లుగా సినిమావాళ్లకి ఈ ఒక్క ముక్క చెబుతున్నాను. ఇంతవరకూ ఒక్కడి బుర్రకీ ఎక్కలేదు.

నా పేరు గణపత్ లోహార్. పాతకాలపు ఆయుధాలు కావాలంటే కొల్హాపూర్‌లో నా దగ్గరికే వస్తారు. ఏ కాలంలో ఏ కత్తి వాడారు, దాని పిడి ఎలా ఉండేది, నడుముకి ఏ పక్క కట్టేవాళ్లు, అన్నీ చెబుతాను. అన్నీ చెప్పించుకుని వాళ్లకి తోచింది చేస్తారు. నేను ఊరి బడిలో ఏడో తరగతిదాకా చదివాను. పుణె నుంచి వచ్చే డైరెక్టర్లు చాలా చదువుకుని వస్తారు. యుద్ధం చేసే కత్తి పిడికి మువ్వలు కట్టమని అడిగింది మాత్రం వాళ్లే.

ఈసారి సినిమా ఒక సర్దారు కథ. హీరో ఋత్విజ్ పాటణకర్. ముంబై కుర్రాడు, ఒళ్లు బాగా పెంచాడు. మొదటిరోజే నా షెడ్డుకొచ్చి కత్తి వీపుకి కట్టమన్నాడు.

"వీపుకి ఎవరూ కట్టుకోలేదు," అన్నాను.

"భుజం మీంచి సర్రున దూస్తే ఎలా ఉంటుందో ఊహించండి అంకుల్!"

ఊహించాను. "రాదు," అన్నాను.

"ఎందుకు రాదు?"

"కత్తి నీ చెయ్యికంటే పొడుగు."

నమ్మలేదు. నేను వాదించను. కట్టాను. దూశాడు. చెయ్యి పోయినంత పైకి పోయింది, కత్తి ఇంకా జానెడు ఒరలోనే ఉంది. మునివేళ్ల మీద లేచాడు. పక్కకి వంగాడు. వీపు దురద పెట్టి చెయ్యి అందనివాడిలా షెడ్డులో ఒక చుట్టు తిరిగాడు. గుమ్మంలో మారుతి పైల్వాన్ నిలబడి చూస్తున్నాడు. మా పేట తాలీంలో కుస్తీ నేర్పే మనిషి. ఈ సినిమాలో సైన్యమంతా అతని శిష్యులే, డెబ్భై మంది.

"దాదా, సర్దారుగారికి వీపు గోకాలేమో. మావాణ్ణొకణ్ణి పంపనా?" అన్నాడు.

అప్పట్నుంచి ఋత్విజ్ నాతో మాట్లాడలేదు. నాకు హాయి.

ప్రొడక్షన్ మేనేజరు చవాథే. రెండు ఫోన్లు, ఒక పొట్ట. షూటింగు తేదీల కాగితం శ్రావణంలోనే పట్టుకొచ్చాడు. యుద్ధం సీను ఖండేనవమి నాడు వేశాడు. మాకు ఆయుధపూజ ఆ రోజే. పూజలో పెట్టింది ఆ రోజు ఎత్తకూడదు. మర్నాడు దసరా పొద్దున, తొమ్మిది రోజులు పెంచిన మొలకలు కోసి టోపీలో దోపుకున్నాక ఎత్తాలి.

"ఆ రోజు నవమి," అన్నాను.

"దసరాకి సెలవిచ్చాను దాదా. చూడు, ఎర్రగా గీత గీశాను."

"దసరా సంగతి కాదు. నవమి."

"చూద్దాంలే."

భాద్రపదంలో ఇంకోసారి చెప్పాను. ఫోన్లో ఉన్నాడు. నా వైపు బొటనవేలు ఎత్తి చూపించాడు. మూడోసారి చెప్పలేదు. నేను ఎవరికీ మూడోసారి చెప్పను.

నవమినాడు తెల్లవారుతుండగా షెడ్డు కడిగాను. దుప్పట్లు పరిచి రెండువందల నలభై వరసగా పెట్టాను. ఒక్కోదానికి పసుపు, పసుపు మీద కుంకుమ, ఒక బంతిపువ్వు. రబ్బరువాటికి కూడా. అది మా ఆవిడ అక్కాతాయి పెట్టిన పద్ధతి. పెళ్లైన కొత్తలో చూసి నవ్వాను.

"రబ్బరుకి కూడానా?"

"అన్నం తినేటప్పుడు అది రబ్బరు తెచ్చిందా, ఇనుము తెచ్చిందా అని చూసుకుని తిన్నావా?" అంది.

ఆవిడ పోయి ఆరేళ్లు. రబ్బరువి వదిలేద్దామని ఏటా అనుకుంటాను. ఏటా పెడతాను. పద్ధతి ఆవిడది, నడుంనొప్పి నాది.

ఏడింటికి చవాథే వచ్చాడు. గుమ్మంలో ఆగి దండం పెట్టుకున్నాడు.

"వాహ్ దాదా! బ్రహ్మాండంగా పెట్టావు. ఇక తీసెయ్. సైన్యం బట్టలు వేసుకుంటోంది."

"రేపు పొద్దున తీస్తాను."

నవ్వాడు. నేను నవ్వకపోయేసరికి ఆపాడు.

"దాదా, వేళాకోళం వద్దు. కింద డెబ్భై మంది ఉన్నారు, పన్నెండు గుర్రాలున్నాయి. హీరో రేపు ఉండడు. నాసిక్‌లో చెప్పుల దుకాణం ఓపెనింగు."

"నవమి అని చెప్పాను."

"ఎప్పుడు?"

"శ్రావణంలో ఒకసారి. భాద్రపదంలో ఒకసారి."

"ఆశ్వయుజంలో కదా చెప్పాలి దాదా! నవమి వచ్చేది ఆశ్వయుజంలో!"

చవాథే వరసల మధ్య అటూ ఇటూ నడిచాడు. రబ్బరు కత్తుల దగ్గర ఆగాడు.

"సరే, ఇనుము వదిలెయ్. ఇవైనా ఇవ్వు. రబ్బరుకి దేవతేమిటి?"

"బొట్టు పెట్టాను."

"తుడిచెయ్."

"నువ్వు తుడువు."

వంగాడు. చెయ్యి చాపాడు. చెయ్యి బంతిపువ్వు దాకా వెళ్లి ఆగిపోయింది. వాడిది సతారా వైపు ఊరు. వాళ్లింట్లోనూ ఈపాటికి అమ్మ బొట్లు పెడుతూ ఉంటుంది. చెయ్యి వెనక్కి తీసుకుని ప్యాంటుకి తుడుచుకున్నాడు. ఏమీ అంటలేదు, అయినా తుడుచుకున్నాడు.

జ్యోతిబా కొండ మీది పురోహితుణ్ణి తీసుకురమ్మని కారు పంపాడు. శాస్త్రంలో దారి దొరక్కపోదని వాడి ధైర్యం. రెండు గంటల తర్వాత ఆ పెద్దాయన చెమటలు కక్కుతూ నడిచొచ్చాడు.

"కారు పంపాను కదా గురూజీ?"

"పంపావు. నీ డ్రైవరు మా గుడి ముందు ఆపి, దానికి దండ వేసి, తాళంచెవి దేవుడి ముందు పెట్టేశాడు."

"మీ స్కూటరుందిగా?"

"దానికి నేనే వేశాను."

చవాథే కుర్చీ తెప్పించాడు, నీళ్లు తెప్పించాడు. "గురూజీ, పరిహారం ఏదో ఒకటి ఉంటుంది. ఒక నిమ్మకాయ కోసి అటూ ఇటూ పడేస్తే..."

"ఉంది. కానీ నిమ్మకాయ కొయ్యడానికి కత్తి కావాలి," అన్నాడు గురూజీ. టీ తాగాడు. నా కత్తుల వరసకి ఒక నమస్కారం పెట్టి, వచ్చిన దారినే నడుచుకుంటూ వెళ్లిపోయాడు.

హీరో కారు ముంబైది. దానికి దండ లేదు. చవాథే దాన్ని ఊళ్లోకి పంపి బస్‌స్టాండు దగ్గర పిల్లలకి అమ్మే ప్లాస్టిక్ కత్తులు డెబ్భై తెప్పించాడు. పిడిలో ఎర్ర దీపం, పిడి చివర ఈల. పెట్టె తెచ్చి మారుతి ముందు పెట్టాడు. మారుతి చేతులు వెనక్కి కట్టుకుని వంగి చూశాడు.

"సాహేబ్, ఇది ఆయుధమేనా?"

"ఆయుధమే. తలా ఒకటి తీసుకోమను."

"అయితే నవమి. పట్టుకోం."

"ఆయుధం కాదయ్యా బాబూ, ఆటబొమ్మ!"

"బొమ్మలు పట్టుకుని యుద్ధానికి పోతే రేపు పక్క తాలీంవాళ్లు మమ్మల్ని బతకనిస్తారా?"

పెట్టెలో ఒక కత్తి దానంతటదే వెలిగి ఆరడం మొదలుపెట్టింది. దగ్గర్లో కట్టేసిన గుర్రం బెదిరింది. వెనకనుంచి ఎవడో "శత్రువు పారిపోతున్నాడు రోయ్!" అని అరిచాడు. డెబ్భై మందీ నవ్వారు. చవాథే ఆ పెట్టెని కాలితో తన్నబోయి, ఏం గుర్తొచ్చిందో, చేత్తో పక్కకి జరిపాడు.

అప్పటికి మిగతా కబుర్లు కూడా వచ్చాయి. జనరేటరుకి దండ పడింది. దీపాలవాళ్లు దీపాలన్నిటికీ బొట్లు పెట్టి చెట్టు కింద పేకాడుతున్నారు. మేకప్ మనిషి కుంచెలు పళ్లెంలో పెట్టి అద్దం ముందు అగరొత్తి వెలిగించాడు. హీరో మీసం అతికించే జిగురు సీసా కూడా ఆ పళ్లెంలోనే ఉంది. వంటాయన గరిటెలు పూజలో పెట్టాడు. బొబ్బట్లలాంటి పూరణ్‌పోళీలు చేత్తో వడ్డించాడు, పులుసు లోటాతో పోశాడు. వీళ్లంతా కొల్హాపూర్ మనుషులు. వీళ్లలో ఒక్కడైనా చవాథేకి ముందు చెప్పాడో లేదో నాకు తెలియదు. చెప్పే ఉంటారు.

ముంబై నుంచి వచ్చిన కెమెరా ఒక్కటే బొట్టు లేకుండా మిగిలింది.

పదిన్నరకి చవాథే నన్ను షెడ్డు వెనక్కి తీసుకెళ్లాడు. గొంతు మారింది. ఫోను తీసి ఒక బొమ్మ చూపించాడు. నల్లటి తెర, మధ్యలో బంగారు రంగు అక్షరాలు. 'ఆయుధాలు: గణపత్ లోహార్.' పక్కన ఇంకెవరూ లేరు. నేనొక్కణ్ణే.

"సినిమా మొదట్లోనే పడుతుంది దాదా. చివర్న జనం లేచిపోయేటప్పుడు కాదు. హీరో పేరు తర్వాత నాలుగోది. ఇప్పుడే ముంబైకి ఫోను చేసి చేయించాను. కత్తులు ఎత్తు, ఇది నీది."

నలభై ఏళ్లు, ముప్పైఒక్క సినిమాలు. నా పేరు తెర మీద ఒక్కసారీ రాలేదు. 'సహకరించిన కొల్హాపూర్ మిత్రులకు కృతజ్ఞతలు' అని వస్తుంది. ఆ మిత్రుల్లో నేనొకణ్ణి.

"మళ్లీ చూపించు," అన్నాను.

కళ్లజోడు పెట్టుకుని చూశాను. ఇంకోసారి చూశాను. చవాథే ఊపిరి వదిలి పొట్ట సడలించాడు.

వాడు మర్చిపోయిన సంగతి ఒకటుంది. ఇరవైఏడేళ్ల క్రితం వాడు ప్రొడక్షన్‌లో టీలు అందించేవాడు. పొట్ట లేదు, ఫోనూ లేదు. అప్పుడూ ఇలాగే నవమి వచ్చింది. అప్పుడూ ఒక డైరెక్టరు ఆగలేనన్నాడు. "ఒక్కటంటే ఒక్కటి ఇవ్వు దాదా, నీ పేరు వేయిస్తాం" అని మా ఇంటికొచ్చి చెప్పింది ఈ చవాథేనే. పూజలోంచి ఒక కత్తి తీసి చేతికిచ్చాను. వంటింటి గుమ్మంలో నిలబడి అక్కాతాయి చూసింది. కూరగాయలు తరిగే కత్తిపీట కూడా పూజలో పెట్టి, ఆ రోజంతా ఉల్లిపాయ గుద్ది పగలగొట్టే మనిషి. ఒక్క మాట అనలేదు. ఆ పూట అన్నం తినలేదు. ఏమిటంటే, ఆకలి లేదంది. అరిచి ఉంటే నేనూ అరిచేవాణ్ణి. అక్కడితో అయిపోయేది.

ఆ సినిమా చూడ్డానికి ఇద్దరం వెళ్లాం. కథ అయిపోయింది, జనం లేచారు, నేనూ లేచాను. ఆవిడ లేవలేదు.

"నీ పేరు రావాలి కదా," అంది.

పేర్లు వస్తున్నాయి. గుర్రాలవాడి పేరొచ్చింది. గడ్డాలు అతికించినవాడి పేరొచ్చింది. నాకు తల కొట్టేసినట్టైంది. బయటికెళ్లి బీడీ వెలిగించాను. బీడీ అయిపోయినా ఆవిడ రాలేదు. లోపలికెళ్లి చూస్తే లైట్లు వేసేశారు, తెర తెల్లగా ఉంది, హాలు ఊడ్చేవాడు చీపురు పట్టుకుని ఆవిడ కాళ్లు ఎప్పుడు తీస్తుందా అని నిలబడ్డాడు.

"పేర్లు తొందరగా పోతున్నాయి. నేనే సరిగ్గా చూసుకోలేదేమో," అంది.

ఆవిడకి చదువు మెల్లగా సాగేది. పేరు రాలేదని నాకు తెలుసు. చెప్పలేదు. ఆ తర్వాత ప్రతి సినిమాకీ చివరిదాకా కూర్చునేది. నేను ప్రతిసారీ బయటికెళ్లి బీడీ కాల్చేవాణ్ణి.

ఫోను చవాథేకి తిరిగిచ్చేశాను.

"అక్షరాలు బాగున్నాయి," అన్నాను.

"అయితే ఎత్తుదామా?"

"రేపు పొద్దున."

చవాథే మొహం కందగడ్డైంది. "నీకు నెత్తికెక్కింది దాదా. పేరు తీయించేస్తాను."

"సరే."

"వేళాకోళం అనుకుంటున్నావా? ఇదుగో, చూడు." వేలితో నొక్కాడు. "పోయింది."

"సరే."

ఆ చిన్న తెర మీద నా పేరు ఓ రెండు నిమిషాలు ఉండి ఉంటుంది. ముప్పైఒక్క సినిమాలకి అదే ఎక్కువ. గోడ పట్టుకుని షెడ్డు ముందుకి వచ్చాను.

వచ్చేసరికి ఋత్విజ్ లోపల ఉన్నాడు. మీసం లేదు, సర్దారు అంగరఖా మాత్రం వేసుకున్నాడు. కాళ్లకి బూట్లు.

"ఒక కత్తి ఎత్తడానికి పొద్దుట్నుంచీ పంచాయితీనా? నేనెత్తుతాను, ఏమవుతుందో చూద్దాం," అని ముందు వరసలో ఉన్న విదేశీ అలుగున్న ఫిరంగీ కత్తి మీదికి వంగాడు. అది మా గురువు నాకిచ్చిన కత్తి. మొత్తం సామానులో అన్నిటికంటే పాతది.

వాడి మణికట్టు పట్టుకున్నాను. వాడు పెంచిన ఒళ్లంతా భుజాల దగ్గరే ఉంది. నేను నలభై ఏళ్లు సుత్తి పట్టాను. గుంజాడు, రాలేదు.

"వదలండి అంకుల్."

"బూట్లు విప్పు."

"ఏంటీ?"

"రేపు చెప్పుల దుకాణం తెరిచేవాడివి. ఎక్కడ వేసుకోవాలో, ఎక్కడ విప్పాలో ఇవాళ తెలుసుకుని వెళ్లు."

గుమ్మంలో మారుతి, అతని వెనక డెబ్భై మంది. ఋత్విజ్ వాళ్లని చూశాడు. ఒంటికాలి మీద గెంతుతూ ఒక బూటు విప్పాడు, తర్వాత రెండోది. రెండో మేజోడుకి బొటనవేలి దగ్గర చిల్లుంది.

"దుకాణంలో మేజోళ్లు కూడా అమ్ముతారా సర్దార్?" అన్నాడు మారుతి.

డైరెక్టరు సామంత్ పొద్దుట్నుంచీ బయట బండ మీద కూర్చుని ఉన్నాడు. పుణె మనిషి, ముప్పై ఏళ్లుంటాయి, మాట తక్కువ. నవ్వులు విని లోపలికొచ్చాడు. రేకుల సందుల్లోంచి ఎండ చారలుగా పడి, పసుపు మీద మెరుస్తోంది. చాలాసేపు చూశాడు.

అతని కథలో సర్దారు కత్తికి పూజ చేసి, అదే చేత్తో కత్తి ఎత్తి గుర్రమెక్కుతాడు. అలా ఎత్తడని శ్రావణంలోనే చెప్పాను. జనం ఆగరు కాకా, అన్నాడు.

ఇప్పుడు నా పక్కన గొంతుక్కూర్చున్నాడు. "కాకా, పూజ అయ్యాక మరి ఏం చేస్తారు?"

"కూర్చుంటారు."

"ఎంతసేపు?"

"రేపటిదాకా."

"ఈలోపల శత్రువు వచ్చేస్తే?"

సినిమాలో శత్రువు పక్క కోట సర్దారే. "వాడింట్లోనూ నవమే," అన్నాను.

సామంత్ నవ్వాడు. జేబులోంచి చిన్న పుస్తకం తీసి ఆ మాట రాసుకున్నాడు. లేచి, "కెమెరా ఇక్కడికి తెండి. పూజ తీద్దాం. యుద్ధం రేపు తీద్దాం, హీరో లేని ముక్కలు. ఉన్నవి తర్వాత చూసుకుందాం," అన్నాడు. చవాథే ఏదో అనబోయాడు. సామంత్ వినలేదు.

పసుపు మళ్లీ పెట్టొచ్చా అని నన్నడిగాడు. పెట్టడం తప్పు కాదు, ఎత్తడమే తప్పు అన్నాను.

ఋత్విజ్‌ని కూర్చోబెట్టారు. పసుపు గిన్నె ముందు పెట్టారు. వేలు ముంచబోయి ఆగాడు.

"ఇది పోతుందా?"

"నాలుగు రోజులకి పోతుంది," అన్నాను.

"రేపు రిబ్బను కట్ చేసేటప్పుడు చేతులు దగ్గరగా ఫొటో తీస్తారు. కుదరదు."

పైగా వాడి మణికట్టు మీద వాడి కుక్క పేరు పచ్చబొట్టు పొడిపించుకున్నాడు. దాన్ని కప్పే రంగు మేకప్ పళ్లెంలో పూజలో ఉంది. సామంత్ ఒకసారి వాడి చేతులు చూశాడు, ఒకసారి నా చేతులు చూశాడు.

"కాకా, మీరు కూర్చోండి. చేతులే తీస్తాను."

హీరో అంగరఖా విప్పి నాకు తొడిగారు. భుజాల దగ్గర ఇద్దరు మనుషులు పట్టేంత ఖాళీ. బంగారు అంచు చేతులు మణికట్టుదాకా వచ్చాయి. వాటిలోంచి నా చేతులు నల్లగా, కాలిన మచ్చలతో, ఎడమ చూపుడువేలికి గోరు లేకుండా బయటికి వచ్చాయి. హీరో తెల్లగా ఉంటాడే అని కెమెరామన్ గొణిగాడు. పౌడరు కుంచె అడిగాడు. మేకప్ మనిషి రెండు చేతులూ జోడించి చూపించాడు.

పసుపు పెట్టడం మొదలుపెట్టాను. మొదటి కత్తికి, రెండోదానికి, మూడోదానికి. ఆపమంటారని చూశాను. ఎవరూ అనలేదు. ఇరవైదాకా పెట్టాను. పక్కన చవాథే ఫోన్లు రెండూ మోగుతున్నాయి. వాడు వాటిని పొట్టకి అదుముకుని నిలబడ్డాడు.

మర్నాడు దసరా పొద్దున మొలకలు కోసి టోపీలో దోపుకుని కత్తులు ఎత్తాను. డెబ్భై మందీ మొలకలు దోపుకునే వచ్చారు. సర్దారు సైన్యం టోపీల్లో పచ్చగడ్డి ఎందుకని ముంబైలో ఎవరో అడిగారట. సామంత్ తీయించలేదు. ఋత్విజ్ నాసిక్‌లో రిబ్బను కట్ చేశాడు. పేపర్లో ఫొటో వచ్చింది. చేతులు శుభ్రంగా ఉన్నాయి.

సినిమా వైశాఖంలో వచ్చింది. నాకు ఎవరూ చెప్పలేదు, గోడ మీద బొమ్మ చూసి తెలుసుకున్నాను. మధ్యాహ్నం ఆటకి ఒక్కణ్ణే వెళ్లాను.

నవమి సీను వచ్చింది. ఋత్విజ్ మొహం, మీసంతో. దగ్గరగా చేతులు, నావి. నా వెనక కూర్చున్నవాళ్లు నవ్వారు.

"ఏందిరా, సర్దారు చేతులు ఒక్క రాత్రిలో ముసలైపోయాయి?"

"ఎండలో యుద్ధాలు చేస్తే మరి!"

తెర మీద ఆ చేతులు పసుపు పెట్టి, కుంకుమ పెట్టి, పువ్వు పెట్టాయి. ఆ తర్వాత వేలి కణుపుతో పిడి మీద రెండుసార్లు తట్టాయి. టక్, టక్. తర్వాతిదానికి వెళ్లాయి. మళ్లీ పసుపు, కుంకుమ, పువ్వు, టక్ టక్.

అలా తట్టేది అక్కాతాయి. కొబ్బరికాయ కొనేటప్పుడు తట్టినట్టు. ప్రతి కత్తికీ తట్టి, సరే నీది అయిపోయింది అన్నట్టు పక్కదానికి జరిగేది. ఎందుకలా తడతావని నేను ఎప్పుడూ అడగలేదు. నేనూ తడుతున్నానని ఆ హాల్లో కూర్చునేదాకా నాకు తెలియదు.

సేనాని వచ్చి, శత్రువు ఈ రాత్రే వస్తే ఏం చేద్దాం సర్దార్, అని అడిగాడు. ఋత్విజ్ మీసం మెలేసి, "వాడింట్లోనూ నవమే," అన్నాడు. హాలంతా ఈలలు. వెనకవాళ్లు కుర్చీలు గుద్దారు.

సినిమా అయిపోయింది. జనం లేచారు. నేను లేవలేదు.

పేర్లు మొదలయ్యాయి. గుర్రాలవాడు, గడ్డాలవాడు, పూరణ్‌పోళీల వంటాయన. దండ వేసిన కారు డ్రైవరు. గురూజీ పేరు 'శాస్త్ర సలహా' అని వచ్చింది. మారుతి పేరు, వెనకే డెబ్భై మంది పేర్లు. హీరో కుక్క పేరు. చివర్న 'సహకరించిన కొల్హాపూర్ మిత్రులకు కృతజ్ఞతలు.' చవాథే అన్న మాట నిలబెట్టుకున్నాడు. లైట్లు వేశారు. తెర తెల్లగా అయింది. కూర్చునే ఉన్నాను.

ఊడ్చేవాడు వరసలన్నీ ఊడ్చుకుంటూ నా దగ్గరికొచ్చాడు.

"అయిపోయింది కాకా."

"నవమి సీనులో చేతులు చూశావా?" అన్నాను.

"ఏ చేతులు?"

"పసుపు పెట్టిన చేతులు."

"నేను సినిమాలు చూడను కాకా. కాళ్లెత్తు."

ఎత్తాను. కింద ఊడ్చుకుని వెళ్లాడు. అప్పుడు జేబులో ఫోను మోగింది. చవాథే.

"దాదా! సినిమా హిట్టు! విన్నావా? ఆ నవమి డైలాగు జనం ఊగిపోతున్నారు. ఎవరు రాశారో గానీ!... సరే, ఇంకో సర్దారు సినిమా ఒప్పుకున్నాం. సామానంతా నీదే. ఆశ్వయుజంలో మొదలు. యుద్ధం కూడా అప్పుడే."

"పండగ చూసుకున్నావా?"

"భలేవాడివి దాదా, ఒకసారి దెబ్బ తిన్నాక మర్చిపోతానా? అన్నిటికంటే ముందు అదే చూశాను. దసరాకి సెలవిచ్చేశాను. ఎర్రగా గీత కూడా గీశాను."

"ముందురోజు?" అని అడగొచ్చు. అడగలేదు. నాకింకా శ్రావణం ఉంది, భాద్రపదం ఉంది.

"మంచిది," అన్నాను.